యాదగిరి సార్ ఊదిన ఆఖరి ఈల

మా డ్రిల్లు సారు, ఈ అడవి అంచున నాలుగు మండలాల ఫుట్‌బాల్ మైదానాలకు ముప్పై ఏళ్లపాటు ఏకచ్ఛత్రాధిపతిగా వెలిగిన రిఫరీ, యాదగిరి సార్ ఇక లేరన్న దుర్వార్త నాకు వార్తగా రాలేదు. ఆర్డరుగా వచ్చింది. మొన్న మంగళవారం పొద్దున నా డీటీపీ షాపు షట్టరెత్తి కంప్యూటరుకు అగరుబత్తి తిప్పుతుండగా టోర్నమెంటు కమిటీ ప్రెసిడెంటు గారి ఫోను.

"ఏవయ్యా, అర్జంటుగా పది బై ఎనిమిది ఫ్లెక్సీ ఒకటి కావాలి. మన డ్రిల్లు మాస్టారు రాత్రి ఖమ్మం ఆస్పత్రిలో పోయారంట. క్రీడాజ్యోతి, కారణజన్ముడు, అట్లాంటివి నాలుగు మాటలు నువ్వే చూసి వేసెయ్. ఫోటో నీ దగ్గర ఉంటుందిగా."

పిడుగుపాటుకు మనిషి నిలువునా మాడిపోతాడని పెద్దలంటారు. నేను మాడలేదు. "సైజు ఎంతన్నారండీ?" అని మళ్లీ అడిగాను. అడిగి, రాసుకుని, ఫోను పెట్టేసి, ఆ తర్వాత కుర్చీలో కూలబడ్డాను. నాకు బంతి ఏదో, గీత ఏదో, తప్పు ఏదో నేర్పిన మహానుభావుడి మరణం నాకు కొలతలతో సహా అందింది.

పది గంటలకల్లా ఫ్లెక్సీ సార్ ఇంటి ముందు రెపరెపలాడింది. దాని మీద ప్రెసిడెంటు గారు దండం పెడుతూ పులిలా ఉన్నారు. కమిటీ సభ్యులు పద్నాలుగు మంది రెండు వరుసల్లో పెళ్లివారిలా ఉన్నారు. అమరుడైన సార్ మాత్రం కుడివైపు పైన, దిక్కులేని బాటసారిలా, అరచేతంత చోటులో ఇమిడిపోయారు. ఐదేళ్లుగా ఆయన ఎదురైతే చెప్పులు సర్దుకునే నెపంతో వంగిపోయిన పెద్దమనుషులు ఆ రోజు ఒకరి మీద ఒకరు పడి పూలదండలు వేశారు. ఆ దండల బరువుకు పాడె మోసేవాళ్లు రెండు చోట్ల ఆగాల్సి వచ్చింది. బతికుండగా ఒక నమస్కారానికి నోచుకోని మనిషి మీద అన్ని బంతిపూలు చూసి, నా పక్కనున్న టైలరు రహీం భాయ్, "గిన్ని పూలు గా ఫైనల్ రోజు ఏసుంటే సారు ఇంకో పదేండ్లు బతుకుతుండె" అన్నాడు. నేను విననట్టు అటు తిరిగాను. ఎందుకు తిరిగానో చెప్పడానికే ఈ వ్యాసం.

ముందు, ఆయన్ని ఎరగని వాళ్లకోసం. యాదగిరి సార్ కారేపల్లి వైపు మనిషి. ఎండిన వెదురుకు తెల్ల ప్యాంటు తొడిగినట్టుండేవారు. మెడలో నల్లదారం, దారానికి ఈల. ఆ ఈల శబ్దం గురించి అతిశయోక్తులు చెప్పడం నాకు చేతకాదు గానీ, మా బడి గ్రౌండులో ఆయన ఫౌలు ఊదితే కారేపల్లి స్టేషన్లో గార్డు అది ఇంజను కూతేననుకుని పచ్చజెండా ఊపేవాడనీ, గూడ్సు బండి ఒకటి అట్లా రెండుసార్లు తప్పుగా కదిలిందనీ నేను స్వయంగా విన్నాను. ఊదినాక ఆయన మాట మార్చరు. బ్రహ్మదేవుడు నుదుటిరాతను దిద్దాడన్నా నమ్మవచ్చు, యాదగిరి సార్ ఇచ్చిన కార్నరును గోల్‌కిక్కుగా మార్చారంటే నమ్మరాదు.

ఒకసారి సొంత బావమరిదినే మైదానంలోంచి గెంటేశారు. అది పందెం మ్యాచి కూడా కాదు, పండుగపూట సరదా ఆట. బావమరిది ఎవరినో వెనకనుంచి తన్నాడు. సార్ ఎర్రకార్డు తీశారు. ఆ సాయంత్రం ఇంట్లో భార్య విజయమ్మ గారు పొయ్యి వెలిగించలేదు. మర్నాడూ వెలిగించలేదు. మూడో రోజు ఆయన హోటల్లో ఇడ్లీ తింటుంటే, సార్, ఎవరూ చూడని తన్ను అది, వదిలెయ్యాల్సింది కదా అన్నాం. ఆయన చట్నీ వైపు చూస్తూ, "ఫౌలు ఫౌలే. చుట్టం చేస్తే ఇంకింత పెద్ద ఫౌలు" అన్నారు. ఆ సూక్తిని మేం బడి గోడ మీద బొగ్గుతో రాశాం. బడికి సున్నం వేయించినప్పుడు కమిటీవాళ్లు దాన్ని చెరిపి, సున్నమిచ్చిన దాత పేరు రాయించారు.

నన్ను ఆయన లైన్స్‌మన్‌గా ఎలా తీర్చిదిద్దారో చెబితే అది నాకే అవమానం, అయినా చెబుతాను. నేను మొదట్లో గోలీని. దమ్మపేటలో జరిగిన ఒక మ్యాచిలో నా కాళ్ల సందుల్లోంచి, చంకల కిందుగా, తల మీదుగా పదకొండు గోల్సు పోయాయి. పన్నెండోది పోకపోవడానికి చీకటి పడటమే కారణం. తిరుగు బస్సులో మా వాళ్లెవరూ నాతో మాట్లాడలేదు. సార్ మాత్రం వచ్చి పక్కన కూచుని, ఒక్కో గోలూ ఎక్కడనుంచి వచ్చిందో చెప్పమన్నారు. పదకొండూ పూసగుచ్చినట్టు చెప్పాను. అప్పుడాయన, "నీకు బాలు దొరకది గని మంచిగ కనవడ్తది. రేపటికెల్లి జెండ పట్టు" అన్నారు. అట్లా నేను పసుపుపచ్చ జెండా పట్టుకుని గీత వెంబడి పరుగెత్తడం మొదలుపెట్టి, పదిహేడేళ్లు ఆయన రెండో జత కళ్లనై బతికాను. రిఫరీకి అడ్డం పడితే లైన్స్‌మన్‌ను అడుగుతాడు, అడిగాక ఇక ఇంకెవరినీ అడగడు, అదీ ఆయన పద్ధతి. నా మాట మీద ఆయన ఎన్ని గోల్సు ఇచ్చారో, ఎన్ని తీసేశారో లెక్కలేదు.

ఇక తాటిగుంపు. టేకులపల్లి దాటి తారురోడ్డు వదిలేసి, బండిబాట వదిలేసి, ఆ తర్వాత బాట అనదగ్గ ప్రతిదాన్నీ వదిలేసి పోతే వచ్చే ముప్పై ఇళ్ల కోయగూడెం అది. ఆ గూడేనికి బడి లేదు, దవాఖానా లేదు, కరెంటు ఉన్నదో లేదో కరెంటుకే తెలియదు. కానీ ఫుట్‌బాల్ గ్రౌండు ఉంది. అది నిజానికి గ్రౌండు కాదు, తునికాకు కల్లం. ఎండాకాలంలో ఒక పది పన్నెండు రోజులు బీడీ ఆకు కోసి, యాభై ఆకులకో కట్ట కట్టి, ఆ కట్టల్ని వరసలుగా ఆరబెట్టే చదునునేల. మిగతా ఏడాదంతా అది ఊరికే ఉంటుంది గనుక అక్కడి మగపిల్లలు పుట్టడమే బంతితో పుట్టేవారు. సార్ ఎప్పుడో ఎన్నికల డ్యూటీకి పోయి వాళ్ల ఆట చూశారు. ఆ తర్వాత పదేళ్లపాటు ఆదివారం వస్తే సైకిలెక్కి, అడవిదారిన రెండు చోట్ల సైకిల్నే తాను ఎత్తుకుని, తాటిగుంపు పోయి ఆట నేర్పారు. ఆ పిల్లల్లోంచి జోగయ్య అనే స్ట్రైకరు తయారయ్యాడు. వాడు బంతి తంతే గోలీలు పట్టుకునేవాళ్లు కారు, దారి ఇచ్చేవాళ్లు.

ఐదేళ్ల కిందట ప్రాంతీయ క్లబ్బుల కప్పులో తాటిగుంపు అందరినీ ఓడించి ఫైనలుకు వచ్చింది. రెండోవైపు ఫైనలుకు వచ్చింది మా ఊరి విజయదుందుభి స్పోర్ట్స్ క్లబ్. దాని ప్రెసిడెంటు, కప్పు కమిటీ ప్రెసిడెంటు, నా షాపు అద్దెకున్న షట్టరు యజమాని, ముగ్గురూ ఒకే పుణ్యపురుషుడు. గుంటూరు వైపునుంచి వచ్చి ఇక్కడ పొగాకు, మిరప, ఎరువుల కొట్టు అంటూ త్రివిక్రముడిలా పెరిగినవారు. ఫైనల్ ఆదివారం సాయంత్రం నాలుగింటికని అందరికీ చెప్పారు. రెండు రోజుల ముందు దాన్ని పొద్దున ఏడింటికి మార్చారు. ముఖ్య అతిథిగా వచ్చే పెద్దాయనకు సాయంత్రం తీరికలేదట.

అది ఆకు కాలం. వీళ్లెవరికీ తట్టని సంగతి, తట్టినా తట్టనట్టున్న సంగతి అదే. తెల్లవారుజాము నుంచి ఎండ ముదిరేదాకా తాటిగుంపులో ముసలివాళ్లు, పసివాళ్లు కూడా ఇంట్లో ఉండరు, అందరూ ఆకు మీదే. ఎండెక్కాక కోసిన ఆకు చేతిలోనే వాడిపోతుంది, కల్లం దగ్గర ఆకు కొనే కల్లేదారు కట్ట విసిరేస్తాడు. ఆ పదిరోజుల ఆకే వాళ్లకు ఏడాది బియ్యం, బట్ట, జ్వరం బిళ్ల. సార్ నన్ను వెంటబెట్టుకుని ఎరువుల కొట్టుకు పోయారు. నిలబడే మాట్లాడారు, కూచోమని ఎవరూ అనలేదు.

"ప్రెసిడెంటు గారూ, పొద్దుగాల ఆళ్లు రాలేరండి. సాయంత్రమే ఉంచుండ్రి" అన్నారు సార్.

"చూడండి మాస్టారూ, పెద్దాయన ఇచ్చిందే ఏడింటికి. ఆకు ఎల్లుండి కూడా చెట్టునే ఉంటుంది. ఆయన ఉంటాడా?"

"ఎల్లుండికి ఆకు ముదురుతది."

"అయితే పదిహేను నిమిషాలు చూద్దాం. రాకపోతే వాకోవర్. రూలు నేను పెట్టలేదుగా, మీరు నేర్పిందేగా" అని ప్రెసిడెంటు గారు నవ్వారు. ఆ నవ్వుకు కొట్లో ఉన్న యూరియా బస్తాలు కూడా నవ్వాయి.

ఆ సాయంత్రమే తాటిగుంపు పోయాం. జోగయ్య తల్లి ముత్తమ్మ ఆ గూడెంలో మాట చెల్లే మనిషి. మగ పెద్దలందరూ మాట్లాడటం అయిపోయాక ఆమె మాట్లాడేది, అదే చివరి మాట అయ్యేది. ఆమె కట్టలు కడుతూనే అంతా విన్నది. ఆటకోసం ఒక్కపూట ఆకు వదలమని సార్ అడగలేదు, ఆమె వదులుతాననీ అనలేదు. చివరికి నారముడి పళ్లతో బిగించి, "పోరగాండ్లను తొమ్మిదిన్నర లోపట నీ గ్రౌండుల దింపుత. గప్పటిదాంక ఆపగల్గుతవా సారూ?" అన్నది.

"ఈల నా మెడల ఉన్నది గదా అక్కా" అన్నారు యాదగిరి సార్.

ఆ మాటతో ఆయన తాకట్టు పెట్టింది ఏమిటో ఆ వాకిట్లో ఉన్న మాకందరికీ తెలుసు. ఆయనకు పొలం లేదు, కొడుకుల్లేరు, పేరుకు ముందు వెనక తగిలించుకునే బిరుదులు లేవు. ఆ ఈల మాట పోదన్న నమ్మకమొక్కటే ఉంది. దాన్ని పట్నం వైపు కొంత, అడవి వైపు కొంత పెట్టి బతుకుతున్న మనిషి.

ఆదివారం పొద్దున ఏడింటికి ఆ మైదానంలో జరిగిన తనిఖీ వంటిది న భూతో న భవిష్యతి. రిఫరీ మైదానం ఆటకు తగినదని చెప్పేదాకా గడియారం మొదలుకాదు, గడియారం మొదలుకాకుండా పదిహేను నిమిషాలు పూర్తికావు. ఇది రూలు. జన్మలో ఒక్క రూలును వంచని మనిషి ఆ రోజు రూళ్లన్నిటినీ ఒక్కొక్కటిగా నిలబెట్టి తిరగేశారు. ముందు గోలు వెడల్పు కొలవాలన్నారు. టేపు లేదు. రహీం భాయ్ ఇంటికి మనిషిని పంపి కుట్టు టేపు తెప్పించారు. ఐదడుగుల టేపుతో ఇరవైనాలుగడుగుల గోలును కొలిచారు. అనుమానం వచ్చి మళ్లీ కొలిచారు. రెండో గోలు మొదటిదానితో సమానమని ఏ దేవుడు చెప్పాడని దాన్నీ రెండుసార్లు కొలిచారు. తర్వాత బంతి తూకం. కిరాణా కొట్టు ఆయన్ని నిద్రలేపి తూకం వేయించారు, ఆయన రాళ్ల మీద నమ్మకం లేదని ఇంకో కొట్టుకు పంపారు. నిజంగానే రెండు కొట్ల తూకానికీ ముప్పై గ్రాములు తేడా వచ్చింది. దాంతో మొదటి కొట్టు ముందు బేరగాళ్ల గొడవ మొదలై గ్రౌండులో సగం జనం అటు పోయారు. వలలో చిల్లు కనిపించింది, "దీంట్లకెల్లి బర్రె పోతది" అన్నారు. చేపలవల అల్లే మనిషిని పిలిపించి కుట్టించారు. కార్నరు జెండా కర్ర ఒకటి ఐదడుగులకు ఒక్క అంగుళం తక్కువుంటే, దానికోసం వెదురు కోసుకు రమ్మని చెరువు అవతలికి ఇద్దరిని పంపారు.

గీత మీద నా వెనకే ప్రెసిడెంటు గారి కుర్చీ. "ఏంటయ్యా మీ గురువుగారు? నేలను కొలుస్తున్నాడా, కొంటున్నాడా?" అని ఆయన పళ్లు నూరుతున్నారు. నాకు నవ్వూ వచ్చింది, భయమూ వేసింది. ఏడింటికి తప్ప కుదరదన్న పెద్దాయన తొమ్మిదింటికి వచ్చారు. దాన్ని ఎవరూ ఆలస్యమనలేదు, కార్యభారమన్నారు. మేళం వాయించారు.

తొమ్మిదీ ఇరవైకి ట్రాక్టరు వచ్చింది. పదకొండు మంది దూకారు. నాలుగింటికి లేచి నాలుగు గంటలు ఆకు కోసిన ఒళ్లు. ఆకు జిగురుకు వేళ్లు నల్లబడి ఉన్నాయి. సార్ కార్నరు జెండా వైపు ఇంకోసారి చూసి, "ఇప్పుడు సరిగ్గున్నది" అన్నారు. నాలుగువేల మంది జనం ఒక్కసారి గొల్లుమన్నారు. నాలుగువేలు అన్నానా? నాలుగువందలు అనుకోండి. నవ్వు మాత్రం నాలుగువేల మందిది.

ఆట గురించి ఎక్కువ చెప్పను. విజయదుందుభి వాళ్లు హైదరాబాదు నుంచి కిరాయికి తెచ్చిన ఇద్దరితో మొదట గోలు కొట్టారు. సగం ఆట తర్వాత తాటిగుంపు సమం చేసింది. ఇక రెండు నిమిషాలు ఉన్నాయనగా కుడివైపునుంచి ఎవరో బంతిని పైకెత్తి వేశారు. గోలు ముందు ఐదారుగురు గుంపుగా లేచారు. జోగయ్య బంతిని ఛాతీ మీద దించుకున్నాడు, అది నేల తాకకముందే తన్నాడు. వల ఉబ్బింది.

సరిగ్గా అప్పుడు నా వెనక కుర్చీలోంచి "హ్యాండు!" అన్న కేక వినిపించింది. నా చెయ్యి లేచింది. ఎవరూ నన్ను బెదిరించలేదు, ఎవరూ నాకేమీ ఇస్తామనలేదు. షట్టరు యజమాని గొంతు వినిపించగానే నన్నడగకుండానే నా చెయ్యి లేచింది, ఆ చేతిలో జెండా ఉంది. అంతే జరిగింది.

సార్‌కు ఆ గుంపు అడ్డం. ఆయన ఉన్న చోటునుంచి జోగయ్య వీపు తప్ప మరేమీ కనిపించదు. మైదానం నడుమనుంచి నా దాకా నడిచి వచ్చారు. ఆ నడక పాతిక అడుగులు. జెండా దించెయ్యడానికి నాకు పాతిక అడుగుల వ్యవధి ఉంది.

"చూసినవా?" అన్నారు.

"చూసిన సార్. చేతికి తగిలింది."

నా కళ్లలోకి ఒక్క క్షణం చూశారు. పదిహేడేళ్లలో ఎన్నడూ అంతసేపు చూడలేదు. చూసి, ఈల ఊది, గోలు లేదన్నట్టు చెయ్యి ఊపారు. జోగయ్య పరుగెత్తుకొచ్చాడు. వాడు అరవలేదు. "ఛాతికి తగిలింది సారూ" అన్నాడు. తర్వాత నావైపు వేలు చూపించి, "గా జెండ సంగతి ఇడ్సిపెట్టు. నువ్వు చూసినవా?" అన్నాడు.

"చూసిన" అన్నారు యాదగిరి సార్.

ఆయన చూడలేదు. చూసే వీలే లేదు. ముప్పై ఏళ్లలో ఆ మైదానం మీద ఆయన ఆడిన అబద్ధం అదొక్కటే, అది నాకోసం ఆడింది. లైన్స్‌మన్ చెప్పిండు అని ఉంటే జోగయ్యా, మిగతా పదిమందీ నా మీదికి వచ్చేవారు, జనం నన్నడిగేవారు, నాలుగో ప్రశ్నకు నేను కక్కేసేవాణ్ని. ఆయన తలుపు మూసేశారు. తాటిగుంపు వాళ్లు ఇంకా నిలబడి ఒకరి మొహం ఒకరు చూసుకుంటుండగా అవతలివాళ్లు ఫ్రీకిక్కు కొట్టేశారు. అట్లా కొట్టడం రూలు ప్రకారం సరైనదే. బంతి ఇంకో కొసకు పోయి గోలైంది. రెండు–ఒకటి. ఆఖరి ఈల.

కప్పు ఇచ్చాక ముఖ్య అతిథి గారు అడవిలో దాగిన ఆణిముత్యాల గురించి నలభై నిమిషాలు ప్రసంగించారు. ఆణిముత్యాలు అప్పటికే ట్రాక్టరెక్కి వెళ్లిపోయాయి. వాళ్లకు కట్టలు కట్టే పని ఉంది. బంతి మీద నల్లటి వేలిముద్రలు చూపించి, ఇదిగో హ్యాండుకు రుజువు అని కమిటీవాళ్లు ఆయనకు చెప్పారు. త్రోలు వేసినప్పుడల్లా పడిన ముద్రలతో ఆ బంతి అప్పటికే చింతపండు ముద్దలా ఉంది. ఆయన గంభీరంగా తల ఊపారు.

గెలిచినవాళ్లు క్షమిస్తారని లోకోక్తి. గెలిచినవాళ్లకు సార్ చేసిన రెండుంబావు గంటల తనిఖీ గొంతులో ముల్లై కూచుంది. వారం తిరక్కముందే ఆయన్ని రిఫరీల జాబితాలోంచి తీసేస్తూ కమిటీ ఉత్తరం తయారుచేసింది. ఆ ఉత్తరం టైపు చేసిందెవరు? ఊళ్లో డీటీపీ షాపు ఒక్కటేనాయె. "తాటిగుంపు పట్ల అనుచిత అభిమానంతో" అని వాళ్లు రాసుకొస్తే, వాక్యం కుంటుతోందని "పక్షపాతబుద్ధితో" అని మార్చాను కూడా. ఉత్తరంతో పాటు జిరాక్సుకని సార్ రాసిన మ్యాచి రిపోర్టూ వచ్చింది. "తాటిగుంపు చివరి గోలును నేను స్వయంగా చూసి నిరాకరించితిని" అని ఆయన అక్షరాల్లో ఉంది. నా పేరు ఎక్కడా లేదు. రెండు కాపీలు తీసి ఇచ్చాను.

తర్వాతి ఆదివారం సార్ ఎప్పటిలాగే సైకిలు మీద తాటిగుంపు పోయారు. నేనూ పోయాను, ఎందుకు పోయానో తెలియదు. ఎవరూ తిట్టలేదు. చెంబుతో నీళ్లిచ్చారు, మంచం వాల్చారు, ఆరోగ్యం అడిగారు. బంతి మాత్రం బయటికి తీయలేదు. మేం బండిబాట దాకా వచ్చాక వెనక కల్లంలో ఆట మొదలైన చప్పుడు వినిపించింది. సార్ సైకిలు ఆపి కాసేపు విన్నారు. "ఎడమ దిక్కు ఖాళీ ఇడుస్తున్రు" అన్నారు. మళ్లీ ఆ దారిన పోలేదు.

పట్నానికి ఆయన అడవి మనిషి, అడవికి ఆయన పట్నం మనిషి. రిటైరయ్యాక ఇంటి అరుగు మీద పేపరు చదువుకుంటూ ఐదేళ్లు కూచున్నారు. మైదానం వైపు కిటికీ మూసే ఉండేది. నేను ప్రతి ఆదివారం పోయేవాణ్ని. మిరప ధర, మోకాళ్ల నొప్పి, సెల్‌ఫోన్ల రేడియేషన్, అన్నీ మాట్లాడుకునేవాళ్లం. పోయిన ఎండాకాలం ఒకరోజు గుండె రాయి చేసుకుని, "సార్, గా ఫైనల్ల..." అని మొదలుపెట్టాను. ఆయన పేపరు దించకుండానే అన్నారు: "ఆట అయిపొయినంక రిఫరీ ఒక్కడే ఉంటడు. లైన్స్‌మన్ ఉండడు. టీ తాగు."

టీ తాగాను. మంచిగానే ఉంది, రెండో కప్పు కూడా తాగాను.

బుధవారం బళ్లో సంతాపసభ జరిగింది. ప్రెసిడెంటు గారు కన్నీరు తుడుచుకుని, వచ్చే ఏడునుంచి యాదగిరి మాస్టారి స్మారక కప్పు పెడుతున్నామని ప్రకటించారు. ఫైనల్ మేలోనే, పొద్దున ఏడింటికి. దానికి రిఫరీగా "ఆయన ప్రియశిష్యుణ్ని" నియమిస్తున్నామని నా వైపు చెయ్యి చాపారు. చప్పట్లు. నన్ను మాట్లాడమన్నారు. పన్నెండు నిమిషాలు మాట్లాడాను. బావమరిది కథకు నవ్వారు, గూడ్సు బండి కథకు ఇంకా నవ్వారు, చివర్లో ఆడవాళ్లు ఏడ్చారు. అంత మంచి ఉపన్యాసం ఆ బడి గోడలు ఇదివరకు వినలేదని హెడ్మాస్టరు గారన్నారు. చెప్పాల్సిన వాక్యం ఒక్కటే, అది చెప్పలేదు.

తాటిగుంపు నుంచి దహనానికీ ఎవరూ రాలేదు, సభకూ రాలేదు. గురువారం పొద్దున నేనే పోయాను. వాకిట్లో ఇప్పపూలు ఆరబోసి ఉన్నాయి. ముత్తమ్మ వాటిలోంచి పుల్లలు ఏరుతోంది. జోగయ్య గొడ్డలికి పిడి బిగిస్తున్నాడు. ముప్పైకి దగ్గరపడుతున్నాడు, ఆట మానేసి మూడేళ్లయిందట. సార్ పోయారని చెప్పాను. తెలుసన్నారు. అప్పుడు మిగతాది చెప్పాను. ఛాతీకి తగిలిందని, నేను చూడనిది చూశానన్నానని, సార్ అసలేమీ చూడలేదని, అంతా చెప్పాను. జోగయ్య పిడి కింద పెట్టి లోపలికి పోయాడు. మళ్లీ రాలేదు.

ముత్తమ్మ ఏరడం ఆపలేదు. "గది మాకు గాడనే తెల్సు" అన్నది. "ఛాతి మావోనిదే గద. జెండ నువ్వు లేపింది గూడ చూసినం."

"మరి సార్ మీద కోపమెందుకు పెట్టుకున్నరక్కా?"

"నీ మీద మాకేం కోపం లేదు. నువ్వు ఆ కుర్సీ ముంగట నిలవడ్డోనివి, గట్లనే చేస్తవు. సారు చూసిన్నన్నడు. చూడలేదని ఆయనకూ తెల్సు, మాకూ తెల్సు. పదేండ్లు మా ఇంట్ల మనిషి లెక్క తిరిగి, ఆఖరికి మమ్ముల ఇడ్సి నిన్ను కాపాడుకున్నడు." ఆమె గుప్పెడు పూలు చాటలో వేసింది. "గిది ఆయన బతికుండంగ ఆయనకు చెప్పినవా?"

"లేదు."

"మరి ఇప్పుడు ఎవల కోసం చెప్పవడ్తివి?"

ఆమె జవాబుకోసం ఆగకుండా చాట ఎత్తి చెరగడం మొదలుపెట్టింది.

స్మారక కప్పుకు రిఫరీగా నేను ఉండబోవడం లేదని ఇందుమూలంగా కమిటీకి మనవి. ఇది అచ్చయి నలుగురూ చదివాక నా షట్టరు నాకుంటుందో లేదో తెలియదు. పోతే పోనీ. ఆ ఫైనల్ తాటిగుంపు గెలిచింది. రెండు–ఒకటి. ఇది చెప్పడం వల్ల ఆ పదకొండుమందిలో ఎవరికీ ఆ పొద్దు తిరిగిరాదు, యాదగిరి సార్‌కు ఆ ఆదివారాలు తిరిగిరావు. ఆయన గొప్పవారని నేను వేరే చెప్పాల్సింది లేదు, ఫ్లెక్సీ మీద నేనే వేశాను. నాకు పోయింది మాత్రం ఒకటుంది. మైదానం నడుమనుంచి నా దాకా నడిచి వచ్చి, "చూసినవా?" అని అడిగి, నేను ఏం చెబితే అది తన మాటగా మోసే మనిషి ఈ భూమి మీద ఒక్కరే ఉండేవారు. ఆయన్ని మొన్న మంగళవారం కాల్చి వచ్చాం.